జంతువుల సంఖ్య పెరుగుదలను లెక్కగట్టడం ఎలా: గిర్ సింహాల నుంచి ఒక మంచు దీవి దాకా

2010లో గుజరాత్‌లో లెక్కకు వచ్చిన ఆసియా సింహాలు 411. 2025లో 891. ఈ రెండు సంఖ్యలు బోర్డు మీద రాసి "2040లో ఎన్ని ఉంటాయి?" అని అడిగితే, క్లాసులో సగం మంది 1,371 అంటారు. పదిహేనేళ్లలో 480 పెరిగాయి కాబట్టి వచ్చే పదిహేనేళ్లలో మరో 480 అని వాళ్ల లెక్క. మిగతా సగం మంది 1,930 దాకా చెబుతారు. అన్ని రెట్లు అయ్యాయి కాబట్టి మళ్లీ అన్ని రెట్లు అవుతాయని వాళ్ల ఆలోచన. రెండు జవాబులకీ మధ్య తేడా 560 సింహాలు. వీటిలో ఏది నమ్మాలి, అసలు ఏదైనా నమ్మొచ్చా అనేది మన చేతులతో మనమే లెక్కగట్టి తేల్చుకుందాం.

కావలసినవి పెద్దగా ఏమీ లేవు. నోటుపుస్తకం, పెన్ను, ఫోన్‌లో కాలిక్యులేటర్ చాలు. చాలా ఫోన్లను అడ్డంగా తిప్పితే సైంటిఫిక్ బటన్లు కనిపిస్తాయి. పదో తరగతి ఘాతాంకాలు గుర్తుంటే సరిపోతుంది. సంవర్గమానాలు మర్చిపోయినా ఫరవాలేదు, వాటితో పని పడినచోట మళ్లీ చెబుతాను.

ముందుగా: ఇది మనకు తెలిసిన వడ్డీ లెక్కే

ఎక్స్‌పొనెన్షియల్ పెరుగుదల, తెలుగులో ఘాతీయ వృద్ధి, అనగానే చాలామందికి టెన్షన్. కానీ నూటికి రెండు రూపాయల వడ్డీ అంటే ఏమిటో ఊళ్లో ఎవరినడిగినా చెబుతారు. ఆ వడ్డీని నెలనెలా అసలులో కలిపేస్తూ పోతే దాదాపు 35 నెలల్లో అప్పు రెట్టింపవుతుంది. జంతువుల మంద కూడా ఇంతే. ఉన్న జంతువులు అసలు. ఏడాదిలో పుట్టినవాటిలోంచి చనిపోయినవాటిని తీసేస్తే మిగిలేది వడ్డీ. ఆ పిల్లలు పెరిగి తామూ పిల్లల్ని కంటాయి కాబట్టి ఇది చక్రవడ్డీ. ఈ "అసలు, వడ్డీ" అనే రెండు మాటలు చివరిదాకా గుర్తుంచుకోండి. సమీకరణం కంటే ఎక్కువగా అవే పనికొస్తాయి.

మొదటి మెట్టు: లెక్కలు సేకరించండి, అవి ఎలా వచ్చాయో కూడా రాసుకోండి

సింహాల లెక్కను గుజరాత్ అటవీశాఖ సుమారు ఐదేళ్లకోసారి చేస్తుంది. గత ఐదు లెక్కలు ఇవి.

| సంవత్సరం | సింహాలు | ముందు లెక్క కంటే ఎన్ని ఎక్కువ | ముందు లెక్కకు ఎన్ని రెట్లు |
|---|---|---|---|
| 2005 | 359 | – | – |
| 2010 | 411 | 52 | 1.145 |
| 2015 | 523 | 112 | 1.273 |
| 2020 | 674 | 151 | 1.289 |
| 2025 | 891 | 217 | 1.322 |

పట్టిక పక్కనే ఒక మాట రాసుకోవాలి. 2020లో కోవిడ్ వల్ల మామూలు పద్ధతిలో గణన జరగలేదు. అటవీ సిబ్బంది నిండు పున్నమి వేళ చేసే "పూనమ్ అవలోకన్" లెక్కనే తీసుకున్నారు. అంటే 2020 సంఖ్యను మిగతావాటితో పోల్చేటప్పుడు కాస్త చూసుకోవాలి. ఏ జంతువు విషయంలోనైనా అంతే. లెక్కించిన పద్ధతి మారినా, తిరిగిన ప్రాంతం పెరిగినా, జంతువులు పెరగకుండానే సంఖ్య పెరిగినట్టు కనిపించొచ్చు. రెండు సంవత్సరాల లెక్కలు మాత్రమే ఉంటే వాటి మధ్య ఏ గీతైనా గీయొచ్చు. కనీసం నాలుగైదు ఉంటే గానీ పెరుగుదల ఏ రకమో తెలియదు.

రెండో మెట్టు: తేడా చూడండి, తర్వాత రెట్లు చూడండి

నన్ను అడిగితే మొత్తం పనిలో అన్నిటికంటే విలువైన మెట్టు ఇదే, దీనికి కాలిక్యులేటర్ కూడా అంతగా అక్కర్లేదు. పట్టికలో మూడో గడి కిందికి చదవండి: 52, 112, 151, 217. ప్రతిసారీ పెరిగిన సంఖ్యే పెరుగుతోంది. ఏటా ఒకే సంఖ్య కలిసే పెరుగుదల అయితే ఇక్కడ ఒకే సంఖ్య మళ్లీ మళ్లీ రావాలి. రాలేదు. కాబట్టి 1,371 అన్నవాళ్ల పద్ధతి ఈ సింహాలకు కుదరదు.

ఇప్పుడు నాలుగో గడి చదవండి: 1.145, 1.273, 1.289, 1.322. మొదటిది పక్కన పెడితే మిగతా మూడూ దగ్గర దగ్గరగా ఉన్నాయి. తేడాలు పెరుగుతూ, రెట్లు మాత్రం ఇంచుమించు నిలకడగా ఉంటే అది ఘాతీయ వృద్ధి. ఈ పరీక్ష చేయకుండా నేరుగా సమీకరణంలో అంకెలు వేసేవాళ్లే ఎక్కువ. సమీకరణం ఏ అంకెలిచ్చినా ఏదో ఒక జవాబు చెబుతుంది. అది ఈ జంతువుకు తగినదేనా అని చెప్పేది మాత్రం ఈ రెండు గడులే.

మూడో మెట్టు: ఏడాదికి ఎన్ని రెట్లో కనుక్కోండి

మొదటి సమీకరణం ఇది:

తుది సంఖ్య = మొదటి సంఖ్య × (వార్షిక గుణకం)^ఏళ్లు

వార్షిక గుణకం అంటే ఈ ఏడాది ఒకటి ఉంటే వచ్చే ఏడాదికి సగటున ఎంతవుతుందన్నది. గుణకం 1 అయితే సంఖ్య కదలదు. 1 కంటే ఎక్కువైతే పెరుగుతుంది, తక్కువైతే తరుగుతుంది.

2005 నుంచి 2025 దాకా చూద్దాం. 891ని 359తో భాగిస్తే 2.482. ఇది ఇరవై ఏళ్ల రెట్లు. ఏడాదికి కావాలంటే ఇరవయ్యో మూలం తీయాలి. కాలిక్యులేటర్‌లో 2.482 కొట్టి, ఘాతం బటన్ నొక్కి, 0.05 వేయండి (ఒకటిని ఇరవైతో భాగిస్తే 0.05). 1.0465 వస్తుంది. అంటే సింహాలు సగటున ఏటా 4.65 శాతం పెరిగాయి.

పిల్లలు పదే పదే చేసే తప్పు ఇక్కడే ఉంది. 2020 నుంచి 2025కి 32 శాతం పెరిగింది కదా, ఐదుతో భాగిస్తే ఏటా 6.4 శాతం అంటారు. చక్రవడ్డీని అలా భాగించకూడదు. 1.322కి ఐదో మూలం తీస్తే 1.0574, అంటే ఏటా 5.7 శాతమే. 6.4 శాతంతో లెక్కగడితే ఐదేళ్లకు 32 కాదు, 36 శాతం పెరగాలి. చిన్న తేడాలా కనిపిస్తుంది గానీ ముప్పై ఏళ్లకు చాచితే వందల సింహాల తేడా అవుతుంది.

నాలుగో మెట్టు: ఆయిలర్ సంఖ్యతో అదే లెక్క

పై సమీకరణంలో ఏడాదికోసారి వడ్డీ కలుస్తుంది. చలి ప్రాంతాల జింక జాతుల్లో చాలావాటికి ఇది బాగా సరిపోతుంది, ఒక రుతువులోనే ఈనుతాయి కాబట్టి. సింహాలకు అలాంటి కట్టు లేదు, ఏడాది పొడవునా ఏదో ఒక ఆడసింహం ఈనుతూనే ఉంటుంది. వడ్డీ క్షణక్షణం అసలులో కలుస్తున్నట్టు అన్నమాట. అప్పుడు వాడేది ఇది:

తుది సంఖ్య = మొదటి సంఖ్య × ఇ^(రేటు × ఏళ్లు)

ఇక్కడ "ఇ" అంటే ఆయిలర్ సంఖ్య, సుమారు 2.71828. రేటు కనుక్కోవడానికి సహజ సంవర్గమానం కావాలి. కాలిక్యులేటర్‌లో ఎల్‌ఎన్ అని ఉండే బటన్ అదే. దాని పని ఒక్కటే: "ఇ"ని ఏ ఘాతానికి పెంచితే ఈ సంఖ్య వస్తుంది అని చెప్పడం.

రేటు = ఎల్‌ఎన్(తుది ÷ మొదటి) ÷ ఏళ్లు

2.482కి ఎల్‌ఎన్ 0.909. దాన్ని 20తో భాగిస్తే 0.0455. దీన్ని వడ్డీ భాషలోకి మారిస్తే నెలకు నూటికి 38 పైసలు. ఊళ్లో అంత తక్కువ వడ్డీకి ఎవరూ అప్పివ్వరు. అయినా ఆ 38 పైసలే 359 సింహాలను ఇరవై ఏళ్లలో 891 చేశాయి.

గుణకం, రేటు రెండూ ఒకే విషయాన్ని చెబుతాయి కానీ ఒకే సంఖ్య కాదు. గుణకానికి ఎల్‌ఎన్ తీస్తే రేటు. రేటు చిన్నదిగా ఉన్నప్పుడు 0.0465కి, 0.0455కి తేడా పెద్దగా తెలియదు. వేగంగా పెరిగే జంతువుల దగ్గర ఇదే కొంప ముంచుతుంది. కిందటి ఏడాదికి 1.344 రెట్లయ్యే జింకల మందను తీసుకోండి. దాని రేటు 0.295. పొరపాటున 0.344ని తీసుకెళ్లి "ఇ" ఉన్న సమీకరణంలో వేస్తే, 29 జింకలు పదమూడేళ్లకు 2,538 అవుతాయని వస్తుంది. అసలు జవాబు 1,350. ఈ 29, 1,350 ఎక్కడివో ఏడో మెట్టులో చెబుతాను.

ఐదో మెట్టు: రెట్టింపు కాలం

రెట్టింపయ్యే కాలం = 0.693 ÷ రేటు

నోటిలెక్కకు 70ని శాతంతో భాగించే పద్ధతి చాలు: 4.6 శాతం అయితే 70 ÷ 4.6, సుమారు పదిహేనేళ్లు. 1968లో సింహాలు 177. అప్పటినుంచి 359 కావడానికి, అంటే రెట్టింపు దాటడానికి, 37 ఏళ్లు పట్టింది. ఆ కాలపు రేటు 0.019. తర్వాత రెట్టింపుకు పదిహేనేళ్లే చాలాయి. ఒకే జంతువుకు, ఒకే ప్రాంతంలో, రేటు ఇంత మారింది. కాబట్టి రేటు ఆ జంతువు ఒంట్లో రాసిపెట్టి ఉండే సంఖ్య కాదు. అది ఆ జంతువుకు, దాని చోటుకు మధ్య ఉన్న సంబంధం.

ఆరో మెట్టు: అన్ని లెక్కల్నీ కలిపి ఒక గీత గీయండి

ఇప్పటిదాకా మొదటి సంఖ్య, చివరి సంఖ్య మాత్రమే వాడాం. మధ్యలోవి వృథా పోయాయి. వాటినీ కలుపుకోవాలంటే ఒక చక్కని ఉపాయం ఉంది. ప్రతి సంఖ్యకూ ఎల్‌ఎన్ తీసి గ్రాఫ్ కాగితం మీద గుర్తు పెట్టండి: 5.883, 6.019, 6.260, 6.513, 6.792. ఘాతీయ వృద్ధి ఎల్‌ఎన్ తీశాక వంపు పోయి తిన్నని గీత అవుతుంది. ఆ గీత వాలే మనకు కావలసిన రేటు.

స్ప్రెడ్‌షీట్ వాడేవాళ్లు ఒక వరుసలో 0, 5, 10, 15, 20 అని ఏళ్లు, పక్క వరుసలో ఎల్‌ఎన్ విలువలు వేసి, స్లోప్ ఫంక్షన్‌తో వాలు, ఇంటర్‌సెప్ట్ ఫంక్షన్‌తో మొదలు తెచ్చుకోవచ్చు. నాకు వచ్చినవి: వాలు 0.0463, మొదలు 5.831. మొదలుకు "ఇ" ఘాతం తీస్తే 341. అంటే మన నమూనా ఇది:

సింహాలు = 341 × ఇ^(0.0463 × 2005 నుంచి గడిచిన ఏళ్లు)

ఇక్కడే ఆగిపోకండి. నమూనా చెప్పినదాన్ని, అసలు లెక్కను పక్కపక్కన పెట్టండి.

| సంవత్సరం | నమూనా | అసలు లెక్క | తేడా |
|---|---|---|---|
| 2005 | 341 | 359 | +18 |
| 2010 | 429 | 411 | –18 |
| 2015 | 541 | 523 | –18 |
| 2020 | 682 | 674 | –8 |
| 2025 | 859 | 891 | +32 |

తేడాల గుర్తులు చూడండి. రెండు చివర్లా ప్లస్, మధ్యలో అంతా మైనస్. తేడాలు యాదృచ్ఛికంగా అటూ ఇటూ పడి ఉంటే నమూనా బాగున్నట్టే. ఇలా వరుసగా ఒక ఆకారంలో వస్తే డేటా ఇంకేదో చెబుతోందని అర్థం. ఐదేళ్లకొకసారి రేటు విడివిడిగా తీస్తే విషయం బయటపడుతుంది: 0.027, 0.048, 0.051, 0.056. రేటే పెరుగుతూ వస్తోంది.

సాధారణంగా మంద పెద్దదయ్యేకొద్దీ మేత, చోటు తగ్గి రేటు పడిపోవాలి. సింహాలకు ఎందుకు పెరిగింది? జవాబు సింహాల సంఖ్యలో లేదు, అవి తిరిగే నేలలో ఉంది. 2015లో అవి తిరిగే ప్రాంతం సుమారు 22 వేల చదరపు కిలోమీటర్లు. 2020లో 30 వేలు. 2025లో 35 వేలు. అభయారణ్యం దాటి పొలాల్లోకి, ఊళ్ల పక్కకి, తీరప్రాంతాల దాకా వచ్చేశాయి. ఇప్పుడు ఒక చిన్న భాగహారం చేయండి. వంద చదరపు కిలోమీటర్లకు ఎన్ని సింహాలు? 2015లో 2.4. 2020లో 2.2. 2025లో 2.5.

ఈ మూడు సంఖ్యలు పక్కపక్కన పెట్టి చూసిన రోజు నేను చాలాసేపు ఆలోచిస్తూ ఉండిపోయాను. సింహాలు దట్టం కాలేదు. దాదాపు అంతే పలచగా, కొత్త చోటికి పరుచుకుంటూ పోయాయి. వడ్డీ తగ్గకపోవడానికి కారణం అదే అని నేను నమ్ముతున్నాను. చోటు పెరుగుతున్నంత కాలం ఘాతీయ సమీకరణం నిజం చెబుతుంది. మరి చోటు పెరగకపోతే?

ఏడో మెట్టు: చోటు పెరగని చోట అదే లెక్క

అలాస్కాకు పడమట బేరింగ్ సముద్రంలో సెయింట్ మాథ్యూ అనే దీవి ఉంది. విస్తీర్ణం సుమారు 330 చదరపు కిలోమీటర్లు. 1944లో, రెండో ప్రపంచయుద్ధం నడుస్తుండగా, అక్కడి రేడియో కేంద్రంలో పనిచేసే సిబ్బందికి అత్యవసర ఆహారంగా ఉంటాయని అమెరికా కోస్ట్ గార్డ్ 29 రెయిన్‌డీర్లను, అంటే మంచుప్రాంతపు జింకలను, దింపింది. కొద్దికాలానికి మనుషులు వెళ్లిపోయారు. జింకలు మిగిలాయి. తోడేళ్లు లేవు. చలికాలానికి మేతగా నేలంతా దట్టంగా పరుచుకున్న, నాచులా కనిపించే లైకెన్లు ఉన్నాయి.

జీవశాస్త్రవేత్త డేవిడ్ క్లైన్ 1957లో వెళ్లి లెక్కబెడితే 1,350. 1963 వేసవిలో మళ్లీ వెళితే 6,000.

మనం నేర్చుకున్నదే చేద్దాం. 1,350 ÷ 29 = 46.55. ఎల్‌ఎన్ 3.84. పదమూడుతో భాగిస్తే 0.295. గుణకం 1.344. అంటే రెండున్నర రూపాయల వడ్డీని నెలనెలా అసలులో కలిపినంత వేగం. రెట్టింపు కాలం రెండేళ్ల నాలుగు నెలలు.

1957లో మీరు ఈ లెక్క కట్టి కూర్చుంటే 1963కి ఎన్ని అని చెప్పేవారు? 1,350 × ఇ^(0.295 × 6) = దాదాపు 7,900. అసలు లెక్క 6,000. నాలుగో వంతు తక్కువ. 1957 నుంచి 1963 దాకా రేటు విడిగా తీస్తే 0.249కి దిగింది. ఇది మొదటి హెచ్చరిక. సంఖ్య ఇంకా ఎగబాకుతోంది కాబట్టి మామూలుగా చూసేవాళ్లకు మంద భేషుగ్గా ఉన్నట్టే ఉంటుంది. రేటు చూసేవాళ్లకే తేడా కనిపిస్తుంది.

సరే, తగ్గిన రేటుతోనే 1966కి చెప్పండి. 6,000 × ఇ^(0.249 × 3) = 12,600 పైచిలుకు.

1966లో క్లైన్ మళ్లీ వెళ్లేసరికి దీవి నిండా ఎముకలు. బతికి ఉన్నవి 42. వాటిలో 41 ఆడవి. ఒక్కటే మగది, అదీ సంతానానికి పనికిరానిది. పిల్ల ఒక్కటీ లేదు. 1980ల నాటికి ఆ దీవి మీద జింకలే లేకుండా పోయాయి.

1963–64 చలికాలంలో విపరీతంగా మంచు పడింది, ఆకలితో దాదాపు మంద మొత్తం చచ్చిపోయింది. కానీ మంచు ఒక్కటే కారణం కాదు. లైకెన్లు చాలా నెమ్మదిగా పెరుగుతాయి, ఒకసారి తినేసిన చోట మళ్లీ రావడానికి ఏళ్లూ పూళ్లూ పడుతుంది. మంద చిన్నదిగా ఉన్నప్పుడు ఏటా పెరిగినదాన్ని, అంటే వడ్డీని, తిన్నాయి. ఆరు వేలయ్యేసరికి అసలునే తినేశాయి. 1963కే చలికాలపు మేతలో లైకెన్లు లేకుండా పోయాయని క్లైన్ గమనించాడు. జింకల సంఖ్య మాత్రమే రాసుకున్న పట్టికలో ఈ సంగతి ఎక్కడా కనబడదు.

అందుకే రేటును పుట్టుకలు, చావులుగా విడదీసి చూడాలి.

రేటు = పుట్టుకల రేటు – చావుల రేటు

క్లైన్ లెక్కల్లో ఇది కళ్లకు కట్టినట్టు ఉంటుంది. 1957లో వంద పెద్ద ఆడజింకలకు 75 పిల్లలు, 1963లో 60. అంటే పుట్టుకలు తగ్గాయి గానీ మరీ అంత కాదు. ఏడాది దాటిన పిల్లలు చూడండి: 45 నుంచి 26కి పడిపోయాయి. పుడుతున్నాయి, మొదటి చలికాలం దాటడం లేదు. పెద్ద ఆడజింకల సగటు బరువు 38 శాతం, మగవాటిది 43 శాతం తగ్గింది. మంద కుప్పకూలడానికి ముందే ఈ మూడు లెక్కలూ ఒకే మాట చెప్పాయి. మీరు ఏ జంతువు మీద పనిచేసినా, మొత్తం సంఖ్యతోపాటు ఆడవాటికి ఎన్ని పిల్లలో, ఆ పిల్లల్లో ఎన్ని ఏడాది దాటుతున్నాయో తప్పక రాసుకోండి. ఇంకేం రాసుకోకపోయినా అది రాసుకోండి.

పరిమితిని లెక్కలోకి తెచ్చే సమీకరణం ఒకటుంది. బెల్జియం గణితవేత్త వెర్‌హుల్స్ట్ 1838లో ప్రకటించాడు:

ఏడాది పెరుగుదల = రేటు × సంఖ్య × (1 – సంఖ్య ÷ గరిష్ఠ పరిమితి)

సంఖ్య పరిమితికి దగ్గరయ్యేకొద్దీ బ్రాకెట్ సున్నాకు దగ్గరవుతుంది, పెరుగుదల ఆగుతుంది. పాఠ్యపుస్తకాలన్నీ ఘాతీయ వృద్ధి తర్వాత దీన్నే చెబుతాయి. రేటు క్రమంగా తగ్గుతూ కనిపిస్తే దీన్ని వాడండి. అయితే ఇది నెమ్మదిగా బ్రేకు వేసి ఆగే బండిని చూపిస్తుంది. సెయింట్ మాథ్యూ దీవిలో బండి ఆగలేదు, లోయలో పడింది. ఎందుకంటే ఈ సమీకరణంలో పరిమితి ఎప్పుడూ ఒకేలా ఉంటుంది. అక్కడ జింకలు తమ పరిమితినే తినేశాయి.

ఎనిమిదో మెట్టు: మందలోంచి తీసేసేటప్పుడు

ఇది మనకు బాగా దగ్గరి లెక్క. తెలంగాణలో 2017లో మొదలైన గొర్రెల పంపిణీ పథకంలో ఒక యూనిట్ అంటే 20 గొర్రెలు, ఒక పొట్టేలు. మొత్తం 21 జీవాలు. ఏడాదికి గుణకం 1.4 అనుకుందాం. ఇది లెక్క అర్థం కావడానికి నేను అనుకున్న అంకె మాత్రమే. మీ మందకు ఈతలు, చావులు చూసి మీరే తేల్చుకోవాలి.

వచ్చే ఏడాది మంద = ఈ ఏడాది మంద × 1.4 – అమ్మినవి

ఏటా 8 అమ్మితే: 21, 21.4, 22, 22.7, 23.8, 25.4. మంద మెల్లగా పెరుగుతూ నిలబడుతుంది.

ఏటా 6 అమ్మితే: 21, 23.4, 26.8, 31.5, 38, 47. ఐదేళ్లలో రెట్టింపు దాటింది.

ఏటా 10 అమ్మితే: 21, 19.4, 17.2, 14, 9.6, 3.5. ఐదేళ్లలో మంద దాదాపు ఖాళీ.

అమ్మకంలో తేడా ఏడాదికి రెండు జీవాలే. 21కి 0.4 పెట్టి హెచ్చిస్తే 8.4. అదే హద్దు, అదే ఈ మంద ఇచ్చే వడ్డీ. అంతకంటే తక్కువ తీస్తే వడ్డీలో కొంత అసలులో కలుస్తుంది. ఎక్కువ తీస్తే అసలు కరుగుతుంది, కరిగినకొద్దీ వచ్చే ఏటి వడ్డీ ఇంకా తగ్గుతుంది. 10 అమ్మే వరుసలో మొదటి రెండేళ్లు పెద్ద నష్టం కనిపించదు చూడండి. 21 నుంచి 17కి వచ్చిందంతే. కూలిపోయేది చివర్లోనే, అప్పటికి సరిదిద్దుకునే వీలు ఉండదు. జీవాలు పెంచే కుటుంబాల్లో కష్టకాలం వచ్చినప్పుడు అమ్ముకునేది ఈ మందనే. అందుకే ఎన్ని అమ్మితే మంద నిలుస్తుందో ముందే తెలిసి ఉండడం చాలా ముఖ్యం. చేపల చెరువైనా, అడవిలో వేటైనా లెక్క ఇదే.

తొమ్మిదో మెట్టు: ముందుకు చెప్పేటప్పుడు చోటునూ లెక్కగట్టండి

ఇప్పుడు సింహాల దగ్గరికి తిరిగి రండి. మొదట అడిగిన 2040 ప్రశ్నకు నమూనా జవాబు: పదిహేనేళ్లకు రెట్టింపు కాబట్టి 891 నుంచి 1,780. 2055కి 3,560.

ఈ సంఖ్య రాసి చేతులు దులుపుకోకండి, ఇంకో వరుస లెక్క కట్టండి. వంద చదరపు కిలోమీటర్లకు 2.5 చొప్పున 1,780 సింహాలకు ఎంత నేల కావాలి? సుమారు 71 వేల చదరపు కిలోమీటర్లు. సౌరాష్ట్ర ద్వీపకల్పం మొత్తం కలిపినా దాదాపు 60 వేలు. అందులో రాజ్‌కోట్, జామ్‌నగర్, భావ్‌నగర్ లాంటి నగరాలూ ఉన్నాయి, హైవేలూ రైలుమార్గాలూ ఉన్నాయి. 2055 నాటి 3,560కి 1,42,000 కావాలి. తెలంగాణ రాష్ట్రం మొత్తం విస్తీర్ణం 1,12,000.

అంటే ఈ రేటు 2040 దాకా ఇలాగే సాగాలంటే మూడింట్లో ఒకటి జరగాలి. సింహాలు సౌరాష్ట్ర దాటి వెళ్లాలి, లేదా ఇప్పటికంటే దట్టంగా బతకడం నేర్చుకోవాలి, లేదా మనుషులు వాటిని వేరేచోటికి తీసుకెళ్లాలి. మూడోదాని గురించి సుప్రీంకోర్టు 2013లోనే చెప్పింది, మధ్యప్రదేశ్‌లోని కునోకు కొన్నింటిని తరలించమని. అవి ఇంకా వెళ్లలేదు. అన్నీ ఒకే ప్రాంతంలో ఉండడంలో వేరే ప్రమాదం కూడా ఉంది. 2018లో కుక్కల నుంచి వచ్చే డిస్టెంపర్ వైరస్ గిర్ తూర్పు భాగంలో సోకి, కొద్ది వారాల్లో ఇరవైకి పైగా సింహాలు చనిపోయాయి. నెలకు 38 పైసల వడ్డీ లెక్క ఇలాంటి దెబ్బను ఎప్పుడూ ముందుగా చూపించదు. కాబట్టి భవిష్యత్తుకు ఒకే సంఖ్య చెప్పకండి. 0.027తో ఒకసారి, 0.056తో ఒకసారి లెక్కగట్టి రెండూ చెప్పండి. 2030కి అవి 1,020, 1,180.

మంచి కబురు కూడా డేటాలోనే ఉంది. 2020లో పెద్ద ఆడసింహాలు 260, పిల్లలు 137. అంటే వందకు 53 పిల్లలు. 2025లో ఆడసింహాలు 330, పిల్లలు 225. వందకు 68. లెక్కించిన పద్ధతి వేరైనా, సెయింట్ మాథ్యూలో కనిపించిన జారుడు ఇక్కడ ఇప్పటికైతే లేదు.

2030లో కొత్త లెక్క వచ్చినప్పుడు పేపర్లలో మొదటి పేజీలో మొత్తం సంఖ్య వస్తుంది. మీ నోటుపుస్తకంలో దాని పక్కన మూడు గడులు ఖాళీగా ఉంచుకోండి: గత ఐదేళ్ల రేటు, వంద చదరపు కిలోమీటర్లకు ఎన్ని, వంద ఆడసింహాలకు ఎన్ని పిల్లలు. మొదటిదాన్ని 0.056తో, రెండోదాన్ని 2.5తో, మూడోదాన్ని 68తో పోల్చండి.